రాబర్ట్ వయాట్ గానకళ

ఆంగ్లదేశపు రాక్ గాయకులలో రాబర్ట్ వయాట్ అను నతని పేరు మన చదువరులలో బహుకొలదిమంది మాత్రమే వినియుందురు. ఆంగ్లదేశముననే అతని నెఱిగినవారు పెక్కురు కారు. అతని పేరు చెప్పి వేలకొలది జనులు మైదానములకు చేరలేదు. కాని యెఱిగిన ఆ కొలదిమందియు అతని నొక సాధువును తలచినట్లు తలతురు. ఇట్టి చిన్న భక్తబృందము గల కళాకారుని గూర్చి విమర్శ వ్రాయుట చిక్కైన పని. భక్తులకు విమర్శ అపచారముగ దోచును. భక్తులు కానివారికి విషయమే అక్కఱలేదు. ఈ రెండవ తెగవారి సంగతి కొక నిదర్శనము గలదు. నాణెము వేసినచో కోరిన పాట వినిపించు యంత్రము లక్కడి పానశాలలలో నుండును. 2006 ప్రాంతమున కొందఱు కొంటెవాండ్రు ఆ యంత్రములలో వయాట్ పాడిన 'డొందెస్తాన్' అను రికార్డును ఏరి మ్రోగించి, వారాంతమున ఉల్లాసముగ గడుప వచ్చిన గుంపును చీకాకుపఱచి వినోదింపసాగిరి. ఆ యల్లరికి అతని పేరే క్రియాపదమైనది. గాయకుడు కోపింపక నవ్వుకొనెనట.

అతనిని గూర్చి పత్రికలలో వచ్చు వ్యాసము లించుమించుగ నన్నియు నొకే కథ చెప్పును. ఉత్సాహవంతుడైన యువకు డొకడు డ్రమ్ములు వాయించుచుండెను. 1973 జూను 1వ తేదీ రాత్రి లండనులో నొక విందుకు బోయి, త్రాగిన మైకమున మేడమీది కిటికీనుండి క్రింద బడెను. నడుము క్రింది భాగము చచ్చుబడెను. కాళ్ళతో తొక్కవలసిన డ్రమ్ము లిక వాయింపజాలక, కీబోర్డు ముందు కూర్చుండి పాడ నారంభించెను. ఆ దుఃఖమునుండి 'రాక్ బాటమ్' అను గొప్ప రికార్డు వెలువడెను. ఇదియే కథ. శోకము శ్లోకమైనదని వాల్మీకిని గూర్చి మనము చెప్పుకొను మాటతో నిది చక్కగ నమరుచున్నది గావున మనకు మఱింత రుచించును. మేమును మొదట నిట్లే నమ్మితిమి. ఆ రికార్డును పలుమాఱులు విని, దాని పుట్టుకను గూర్చిన కాలక్రమమును సరిచూచుకొన్న పిమ్మట, ఈ కథ కళాకారునకు అన్యాయము చేయుచున్నదని మాకు తోచినది. ఎట్టి యన్యాయమో చెప్పుటకే ఈ నాలుగు మాటలు వ్రాయుచున్నాము.

వయాట్ 1945 జనవరిలో బ్రిస్టల్ నగరమున జన్మించెను. తల్లి పత్రికారచయిత్రి, రేడియోలో పనిచేసినది. తండ్రి మనస్తత్త్వశాస్త్రజ్ఞుడు, మల్టిపుల్ స్క్లిరోసిస్ అను నరముల వ్యాధిచే పీడితుడు. నడక చాలని దేహము నందును బుద్ధియు హాస్యమును నిండుగ నుండగలవని కుమారుడు తన యింటనే, బాల్యముననే, చూచియుండెను. ఈ సంగతిని కథ చెప్పువారు తఱచు విడిచిపెట్టుదురు. కెంటు మండలములోని వారి యింట జాజ్ సంగీతమును, బాటసారులైన కవులును, అద్దెకు దిగిన వాద్యకారులును ఎల్లప్పు డుండెడివారు. తల్లి స్నేహితుడైన రాబర్ట్ గ్రేవ్స్ అను కవియొద్ద మయోర్కా ద్వీపమున నీ బాలుడు కొంతకాలము గడపెను. పరీక్షలలో రాణింపలేదు. మేము బడిపంతులమే గావున ఈ మాట వ్రాయుట కొంచెము ఇబ్బందిగనే యున్నది.

1966లో మిత్రులతో గూడి అతడు 'సాఫ్ట్ మెషీన్' అను మేళము నేర్పఱచెను. అమెరికను రచయిత విలియమ్ బరోస్ నవల పేరే మేళమున కాయెను. 1968లో నీ మేళము జిమి హెండ్రిక్స్‌తో గూడి అమెరికా యంతయు తిరిగెను. 1970 ఆగస్టులో లండనులోని రాయల్ ఆల్బర్ట్ హాలునందు, శాస్త్రీయ సంగీతమునకే ప్రత్యేకింపబడిన 'ప్రామ్స్' ఉత్సవములలో వాయించెను. రాక్ మేళమున కట్టి గౌరవము లభించుట అదియే మొదటిసారి. ఇంతవఱకు కీర్తి పెరుగుచున్న కథయే. కాని లోపల వేఱొకటి జరుగుచుండెను. తోడివారు నానాటికి కఠినతరమైన తాళములయందును, మాటలులేని దీర్ఘవాద్యములయందును మక్కువ గొనిరి. వారికి పాట అల్పముగ దోచెను. 1970 నాటి 'థర్డ్' అను రికార్డులో నాలుగు ముఖములున్నవి. ఒక్కొక్క ముఖమున ఒక్కొక్క దీర్ఘరచన. వానిలో మాటలు గలది 'మూన్ ఇన్ జూన్' ఒక్కటే, అది వయాట్‌ది. ఆ రచన మొదటి సగమున గానమును వాద్యములును అతడొక్కడే నిర్వహించెను. తోడివారు తరువాత వచ్చి చేరిరి. మఱుసటి రికార్డులో గానమే లేదు. 1971లో అతడు మేళమును వీడెను, లేక వీడునట్లు చేయబడెను.

ఇట్టి వ్యవహారము మనకు కొత్తది కాదు. ఎవరికి నర్థముకాని సమాసము బిగించినవాడు పండితుడు, తేటగ పలికినవాడు పామరుడు అను తీర్పు మన సభలలో నెంతకాలము చెల్లెనో చదువరు లెఱుగుదురు. సాఫ్ట్ మెషీన్ వారి విద్వత్తును మేము తక్కువచేయుట లేదు. 'థర్డ్' లోని మిగిలిన మూడు ముఖములును వినదగినవే. అయినను ఆ నాలుగింటిలో నేటికిని మనలను పలుకరించునది ఆ తేలిక గొంతుక పాడిన ముఖమే. ఆ పాటలో అతడు చంద్రునిగాని విశ్వరహస్యములనుగాని వర్ణింపడు. తన యూరు మీది బెంగను, తన చపలత్వమును, తా నిపుడు పాడుచున్నానను సంగతిని చెప్పుకొనును. 1969లో అదే పాటను బి.బి.సి. రేడియో కొఱకు పాడినపుడు మాటలన్నియు మార్చి, ఆ స్టూడియోను గూర్చియు, నడవలోనున్న తేనీటి యంత్రమును గూర్చియు పాడెను! అటువంటి చమత్కారము చేయగలవానికి గానము అలంకారము కాదు, సంభాషణము.

ఇచట అతని కంఠమును గూర్చి కొంత నిలిచి చెప్పవలసియున్నది. ఆ కంఠము సన్నము, ఎత్తు. పురుషకంఠముగ గంభీరము గాదు. స్థాయి పెరిగినపుడు కొంచెము వణకును. సుశిక్షితమైన గాత్రమునకు చెవి యలవాటుపడినవా రెవ్వరును మొదటి మాఱు మెచ్చుకొనరు. జపానుదేశపు సంగీతకర్త సకమొతో దానిని లోకమున మిక్కిలి విషాదభరితమైన కంఠమని యనినట్లు చెప్పుదురు. భక్తు లీ మాటను మంత్రమువలె వల్లించుచుందురు. మేము దీని నంగీకరింపలేము. మన యాలంకారికులు 'కాకువు' అని యొక విషయమును చర్చించినారు. శోకభయాదులచే కంఠధ్వనికి గలుగు వికారము కాకువని అమరసింహుడు నిర్వచించినాడు; ఒకే వాక్యము కాకుభేదముచే ప్రశ్నయో, నిరాకరణమో, వేడుకోలో యగునని రాజశేఖరుడు విస్తరించి చెప్పినాడు. వయాట్ గానమంతయు కాకువుమీదనే నిలిచియున్నది. అతడు విషాదవాక్యమును పలుకునపుడు గొంతున లోలోన నవ్వు వినబడును. హాస్యవాక్యము పలుకునపుడు ఎక్కడనో వెలితి వినబడును. ఒకే రసమును పట్టుకొని యతనిని 'విషాదగాయకు'డని పెట్టెలో పెట్టినవారు సగమే వినినారు.

ఆ కంఠమున వేఱొక విశేషము గలదు. ఆ దినములలో ఆంగ్లదేశపు రాక్ గాయకులు మాటలాడునపుడు ఆంగ్లేయులు, పాట యెత్తుకొనగనే అమెరికనులు. ఆ యుచ్చారణ లేనిదే రాక్ సంగీతము రక్తికట్టదని నమ్మెడివారు. వయాట్ తా నింట మాటలాడు పలుకుబడితోడనే పాడెను. ఇది చిన్న విషయముగ దోపవచ్చును. గిడుగు రామమూర్తి పంతులుగారి జీవితమంతయు ఏ చిన్న విషయమునకై ధారవోయబడినదో తలచుకొన్నవారికి చిన్నదిగ దోపదు. (ఇట్టి మాటను ఇట్టి గ్రాంథికమున వ్రాయుచున్నందుకు చదువరులు నవ్విన మాకు సమాధానము లేదు.)

ఇక 'రాక్ బాటమ్' సంగతి. 1972-73 చలికాలమున వయాట్ వెనీసు నగరమున నుండెను. అతని ప్రియురాలు ఆల్ఫ్రెడా బెంజ్ ఒక చలనచిత్ర నిర్మాణమున సహాయకురాలుగ పనిచేయుచు నచటి కేగియుండెను. పగలంతయు ఆమె పనిమీద పోవగా, ఏమియు తోచని యతనికి కాలక్షేపమునకై ఆమె యొక చిన్న విద్యుత్తు ఆర్గనును కొనియిచ్చెను. ఆటవస్తువువంటి చౌక వాద్యము అది. దాని స్వరము నీటిలో నీడవలె అలలాడుచుండును. ఆ రికార్డులోని పాటలలో పెక్కింటికి అంకురము ఆ కాలువల నగరమున, ఆ వాద్యముమీద, అతడు రెండు కాళ్ళతో నడయాడు దినములలోనే పుట్టినది. జూనులో పడిపోవుట తరువాతి మాట. స్టోక్ మాండవిల్ వైద్యశాలలో నెలల తరబడి యున్నపుడు, సందర్శకుల గదిలోనున్న పియానోముందు చక్రాల కుర్చీని చేర్చి, ఆ పాటలను పూర్తిచేసెను. 1974 ప్రారంభమున రికార్డుచేయుట మొదలిడెను. పింక్ ఫ్లాయిడ్ మేళపు డ్రమ్ము వాద్యకుడు నిక్ మేసన్ ఆ పనిని నడపెను. జూలై 26న రికార్డు వెలువడెను. ఆ దినముననే వయాట్‌కును ఆల్ఫ్రెడాకును వివాహమాయెను. ఫ్రాన్సులో ఆ రికార్డునకు షార్ల్ క్రో పేరి పెద్ద బహుమతి లభించెను.

కనుక గాయము కళను పుట్టించెననుట కాలక్రమమునకు విరుద్ధము. గాయము చేసిన దేమి? ఒక మార్గమును మూసినది. కాళ్ళు పనిచేయని కారణమున డ్రమ్ములు పోయినవి. ఒకే మేళమున శాశ్వతముగ నుండి దేశములు తిరుగుట పోయినది. మిగిలినవి కంఠము, రెండు చేతులు, ఒక చౌక ఆర్గను, ఒక స్త్రీ స్నేహము. ఆ పతనము తన కౌమారమునకును మిగిలిన జీవితమునకును నడుమ గీచిన గీతవంటిదని అతడే పిమ్మట చెప్పియున్నాడు. గీత గీచుట వేఱు, వ్రాయుట వేఱు. వ్రాసినవాడు అతడే. ఆపదను మెచ్చుకొని, ఆపదలో పనిచేసినవాని శ్రమను మఱచు జాలి మెప్పు కాదు.

ఆ రికార్డులోని రెండు పాటలను గూర్చి చెప్పక తీరదు. అవి 'అలిఫిబ్', 'అలిఫీ' యని జంటగ నుండును. రెండును ఆల్ఫీ యను ఆమె ముద్దుపేరును చుట్టుకొన్నవే. మొదటిదానిలో తాళము వేయునది డ్రమ్ము గాదు, అతని యూపిరి. ఉచ్ఛ్వాసనిశ్వాసములే మాత్రలై నడచుచుండ, పైన ఆర్గను మెల్లగ తిరుగుచుండ, చంటిబిడ్డ పలుకులవంటి అర్థరహితాక్షరములతో ఆమెను పిలుచును. వైద్యశాలలో రాత్రివేళ ప్రక్క మంచముమీది రోగి శ్వాసను వినుచు మేలుకొనియున్నవారికి ఆ ధ్వని గుర్తుకు రాకమానదు. రెండవ పాటలో ఆ పిలుపే ముదిరి, మొఱటై, పిచ్చిమాటలవలె నగును. తన పోషణయంతయు ఆమెయేయని, ఆమె తన భాండాగారమని అతడు ప్రలాపించును. అప్పుడు చివర ఆల్ఫ్రెడాయే స్వయముగ మాటలాడును! తా నతని భాండాగారమును గానని, అతని గారాలకు లొంగక, కొంచెము విసుగుతో, కొంచెము ప్రేమతో, బదులు చెప్పును.

మా చదువంతయు సంస్కృతకావ్యములతో గడచినది. నాయికను చంద్రబింబమనియు, లతయనియు, అమృతమనియు వర్ణించిన శ్లోకములు వేలకొలదిగ పఠించితిమి, విద్యార్థులచే పఠింపజేసితిమి. ఆ వర్ణన ముగిసిన పిమ్మట నాయిక లేచి "నేను లతను గాను" అని పలికిన శ్లోకము మాకు స్మరణకు వచ్చుట లేదు. స్త్రీ స్వాతంత్ర్యమును గూర్చి ఉపన్యాసము లిచ్చు పాటలు లోకమున చాల గలవు. ఈ పాట ఉపన్యాస మీయదు. స్త్రీకి తన రికార్డులో చోటిచ్చి, తన్ను తోసిపుచ్చు మాట ఆమెచేతనే పలికించి, దానితోనే పాట ముగించును.

ఆ సంవత్సరమే సెప్టెంబరులో నొక చిత్రమైన ఘటన జరిగెను. అందఱి నోట నాడుచుండిన 'ఐయామ్ ఎ బిలీవర్' అను పాటను వయాట్ తన రీతిలో పాడి విడుదలచేయగా, అది విక్రయములలో 29వ స్థానమునకు చేరెను. బి.బి.సి. వారి 'టాప్ ఆఫ్ ది పాప్స్' అను టెలివిజను కార్యక్రమమునకు పిలుపు వచ్చెను. తీర వచ్చిన పిమ్మట కార్యక్రమ నిర్మాత, కుటుంబములు కలసి చూచు వేళ చక్రాల కుర్చీ కంటికింపుగ నుండదని, వేఱు కుర్చీలో కూర్చుండి పాడుమని కోరెను. వయాట్ మండిపడెను. వాదులాట జరిగినది. కడకు చక్రాల కుర్చీలోనే పాడెను. పిమ్మట నొక సంగీత వారపత్రికవారు అతని మేళములోని వారందఱిని చక్రాల కుర్చీలలో కూర్చుండబెట్టి ముఖచిత్రము వేసిరి.

ఈ సంగతి చదివినపుడు మాకు నిర్మాతపై కోపము రావలసినది, వచ్చినది సిగ్గు. కొన్నేండ్ల క్రిందట మేము పనిచేయు పాఠశాలలో వార్షికోత్సవమునకు ప్రార్థనగీతము పాడుటకు మంచి కంఠముగల బాలుని ఎన్నుకొంటిమి. అతడు చంకకఱ్ఱలతో నడుచువాడు. వేదికకు నాలుగు మెట్లు. వచ్చిన పెద్దల యెదుట ఎక్కలేక తడబడునేమోయని, నలుగురు అతని కాళ్ళవంక చూతురేమోయని, మేమే యాలోచించి అతనిని తెరవెనుక మైకుముందు కూర్చుండబెట్టి, పట్టులంగాలు కట్టిన ఇద్దఱు బాలికలను తెరముందు నిలిపితిమి. బాలుడు చక్కగ పాడెను. సభవారు బాలికలకు చప్పట్లు కొట్టిరి. మేము దయచేసితిమనియే ఆనాడు తలచి, నలుగురితో చెప్పుకొంటిమి కూడ. మఱుసటి యేడు పాడుమనిన, గొంతు బాగుగ లేదనెను. బాగుగనే యుండెనని మాకు తెలియును. అడుగలేదు.

అతని జీవితములో రెండవ ఘట్టము 1980తో ప్రారంభమగును. నడుమ కొన్నేండ్లు పాట దాదాపుగ మానెను. కమ్యూనిస్టు పార్టీలో చేరెను. దేశదేశముల రేడియోలను వినుచు గడపెను. పిమ్మట 'రఫ్ ట్రేడ్' అను చిన్న సంస్థ ద్వారా వరుసగ చిన్నరికార్డులు వెలువరించెను. వానిలో పెక్కు పరుల పాటలే: నీగ్రోజాతీయులను చెట్లకు ఉరితీసిన దారుణమును గూర్చి బిల్లీ హాలిడే పాడిన పాట, చిలీదేశపు వియొలెతా పార్రా పాట, క్యూబావారి పాట. ఆ రికార్డులలో నొకదాని మొదటి ముఖమున, తబలా షహనాయిల తోడుతో, అతడు స్కాట్లండు కవి ఐవర్ కట్లర్ పాట పాడెను. రెండవ ముఖమును పూర్తిగ 'దిశారి' యను బంగాళీ గాయకబృందమున కిచ్చివేసెను. లండనులోని బంగాళీ శ్రామికులను సంఘములలో చేరుమని పిలుచు పాట వారు పాడిరి. మఱియొక రికార్డు రెండవ ముఖమున బార్బడోస్ కవి పీటర్ బ్లాక్‌మన్ తన కావ్యమును చదివెను. పరుల బాధను గూర్చి తానే పాడి పేరు తెచ్చుకొను గాయకులు చాలమంది యున్నారు. తన రికార్డులో సగము వారికే యిచ్చినవారిని మేము మఱి యెఱుగము.

అయితే ఆ వరుసలోనే స్టాలినును పొగడు పాట యొకటి యున్నది. 1943లో అమెరికాలోని నల్లజాతి భక్తిగాయకులు, రష్యా తమకు మిత్రరాజ్యమై హిట్లరుతో పోరుచున్న కాలమున, పాడినది. అమెరికా తన నిన్నటి మాటను మఱచినదని గుర్తుచేయుట వయాట్ ఉద్దేశము. చమత్కారము మాకు బోధపడినది. కాని 1981 నాటికి స్టాలిను చెఱసాలలలో మడసిన లక్షలాది జనుల సంగతి లోకమునకు గుప్తము గాదు. పరుల మఱపును ఎత్తిచూపు పాట తన మఱపును తాను కప్పుకొనుట ఔచిత్యము గాదు. భక్తులు దీనిని హాస్యమని దాటవేయుదురు. అతని హృదయము నిర్మలమని మేమును ఒప్పుకొందుము. నిర్మలహృదయులు చేసిన తప్పును తప్పనవలసినదే.

1982లో ఫాక్లండ్ ద్వీపములకై ఆంగ్లదేశమునకును అర్జెంటీనాకును యుద్ధము జరిగెను. 74 దినములలో 649 మంది అర్జెంటీనీయులును, 255 మంది ఆంగ్లసైనికులును మరణించిరి. ఆ సమయమున క్లైవ్ లాంగర్ అను నతడు వయాట్ కంఠమునే మనసున నుంచుకొని యొక వరుస కట్టెను. ఎల్విస్ కాస్టెల్లో దానికి మాటలు వ్రాసెను. 'షిప్‌బిల్డింగ్' అనబడు నా పాట వయాట్ రికార్డులన్నిటిలో మిక్కిలి ప్రసిద్ధమైనది. మఱుసటి యేడు మరల విడుదలకాగా 35వ స్థానము వఱకు వచ్చినది. చిత్రమేమనగా, దానిలో మాటయు వరుసయు పరులవి, పియానోయు పరునిది. వయాట్‌ది కంఠము మాత్రమే.

పాటలోని సందర్భ మిది. పనులులేక మూతబడిన నౌకానిర్మాణపు రేవుపట్టణము. యుద్ధము వచ్చినది గావున నౌకలు కావలెను. పని మరల దొరకునని వదంతి. పని దొరికిన, భార్యకు చలికోటు కొనవచ్చును, పిల్లవానికి పుట్టినరోజు కానుకగ సైకిలు కొనవచ్చును. ఆ నౌకలలో నెక్కి యుద్ధమునకు పోవువారెవరు? ఆ పట్టణపు పిల్లలే. ఈ ప్రశ్నను పాట గట్టిగ నడుగదు. యుద్ధము చెడ్డదని ఎక్కడను అనదు, మంత్రులను దూషింపదు. ఒక సంసారి తనలో తాను లెక్కలు వేసుకొనుచున్నట్లు సాగును. ఆనందవర్ధనుడు ధ్వనియని పేర్కొన్న దిట్టిదే. వాచ్యము కోటును సైకిలును గూర్చి. వ్యంగ్యము శవములను గూర్చి. దీనిని బలమైన గొంతుతో గర్జించి పాడినచో చెడిపోయెడిది. వయాట్ దానిని, పొరుగువాని యింట విన్న వార్తను వచ్చి మెల్లగ చెప్పువానివలె పాడెను. కాకువు తన పని తాను చేసినది.

1985 నాటి 'ఓల్డ్ రాటన్‌హాట్' రికార్డును దీనిప్రక్క పెట్టి వినుడు. అందు మాట, వరుస, వాద్యము సమస్తము వయాట్‌వే. తూర్పు టిమోరు ప్రజల కష్టములు, అమెరికా చరిత్రలోని మఱపులు, ఆంగ్లకార్మికోద్యమపు పతనము — విషయములన్నియు యథార్థములు, కోపము న్యాయమైనది. తూర్పు టిమోరు పేరు పత్రికలును తలపెట్టని దినములలో అతడు పాటలో తలపెట్టెను. ఆ గౌరవ మతనికి దక్కవలెను. అయినను ఆ పాటలలో కొన్ని ఇనుపకీలలతో దిగవేసిన వాక్యములవలె నున్నవి. వినువాడు తనంత తాను కనుగొనుట కేమియు మిగులదు. సంఘసంస్కారమునకై రచన చేయు మా వంటివారు ఈ రెండు రికార్డులను వెంటవెంటనే వినవలెనని మేము గట్టిగ నమ్ముచున్నాము. మా యుత్తమవిషయములనెల్ల మేము తఱచుగ నీ రెండవ రీతిగనే చంపుచున్నాము.

తరువాతి రికార్డులను గూర్చి త్వరగ చెప్పుదుము. లింకన్‌షైరులోని లౌత్ అను చిన్న యూరిలో దంపతులు స్థిరపడిరి. ఆస్ట్రియాలో పుట్టి బాల్యముననే ఆంగ్లదేశము చేరిన ఆల్ఫ్రెడా చిత్రకారిణి. 'రాక్ బాటమ్' మొదలు అతని రికార్డుల యట్టలమీది బొమ్మలు ఆమెవి. 1991 నాటి 'డొందెస్తాన్' తో ఆమె కవితలు అతని పాటలాయెను. ఆనాడు "భాండాగారమును గాను" అన్న గొంతు ఇపుడు మాటలు వ్రాసి యిచ్చుచున్నదన్నమాట. వాచ్యకోపము తగ్గి, పక్షులు, ఇసుక, నిద్రపట్టని రాత్రులు పాటలలో ప్రవేశించినవి. రాజకీయము తొలగలేదు, లోతునకు దిగినది. 1997 నాటి 'ష్లీప్' నిద్రలేమిని గూర్చినదైనను అతని రికార్డులలో మిక్కిలి ఉల్లాసకరమైనది. 2003 నాటి 'కుక్కూలాండ్' దీర్ఘమైనది. మా యభిప్రాయమున కొంత తగ్గించిన బాగుండెడిది.

2007 నాటి 'కామికోపెరా' మాత్రము నిలిచి వినదగినది. అది మూడంకముల నాటకమువలె నున్నది. మొదటి యంకమున ఇద్దఱు మనుష్యుల నడుమ ప్రేమయు నష్టమును. రెండవదానిలో ఆంగ్లదేశపు నేటి వింతలు, దాని చివర ఆకాశమునుండి వచ్చిపడిన బాంబుచే ఇల్లు కోల్పోయినవారి గొంతు. 2006లో లెబనానుమీద జరిగిన బాంబుదాడి దాని వెనుక నున్నది. అటుపిమ్మట మూడవ యంకమున గాయకుడు ఆంగ్లభాషనే విడిచిపెట్టును. ఇటాలియనులోను స్పానిషులోను పాడును. స్పెయిను కవి లోర్కా మాటలను పాడును. ఆంగ్లము మాటలాడు రాజ్యములు చేయు పనులతో తనకు పొత్తు కుదరలేదని అతడే కారణము చెప్పెను. జీవితమంతయు తన యింటి పలుకుబడితోనే పాడుదునని పట్టుబట్టినవాడు, ఏ అమెరికా యుచ్చారణకును లొంగనివాడు, అఱువది రెండేండ్ల వయస్సున ఆ పలుకుబడినే విడుచుట ఎంతటి కోపమో ఆలోచింపుడు. ఈసారి కోపము వాక్యములలో లేదు. ఏ భాషలో పాడెనను సంగతియే దానిని తెలుపుచున్నది. 'ఓల్డ్ రాటన్‌హాట్' నాడు దొరకని మార్గము ఇరువది రెండేండ్లకు దొరికినది.

2014లో తాను సంగీతరచన మానుకొంటినని అతడు ప్రకటించెను. సంగీతము పాడుకాకముందే నిలిపివేయుట మేలని చెప్పెను. భక్తులు విలపించిరి; మరల పాడుమని కోరిరి. రాక్ సంగీతమున డెబ్బదేండ్లవారును ఇరువదేండ్ల నాటి కోపమును నటించుచు వేదికల కెక్కుట మామూలు. 1974 సెప్టెంబరు తరువాత తన పేర నిండు కచేరీ చేయుటకే యొప్పుకొననివా డట్టి పని చేయునా? 2016 డిసెంబరులో బ్రైటన్ నగరమున లేబరు పార్టీ నాయకుడు జెరెమీ కోర్బిన్‌కు బాసటగ జరిగిన సభలో, మిత్రుడు పాల్ వెల్లర్ పిలువగా, అతడు వేదికమీదికి వచ్చి కొన్ని పాటలలో పాల్గొనెను. పిమ్మట లౌత్‌లోని తన యింటికి మరలిపోయెను.